ముళ్ల తాబేలుకు కాకి ముట్టలేదు

కాలవగట్టు క్లబ్బులో చావుకి నియమాలు లేని రోజులు కూడా ఉండేవి. అప్పట్లో అక్కడ పేకాట ఆడేవాళ్లు. పేకాటలో ఎవరూ చావరు. రాజులు, రాణులు, జాకీలు ఎన్నిసార్లు కిందపడ్డా, కలిపి పంచగానే చెక్కుచెదరని మొహాలతో మళ్లీ లేచి వచ్చేస్తారు. అలాంటి పేకాటని పైనుంచి ఆర్డరొచ్చి మూయించేశారు. క్లబ్బులోని విశ్రాంత ఉద్యోగులు కొన్నాళ్లపాటు ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ కూర్చున్నారు. ఆ దృశ్యం ఎవరికీ నచ్చలేదు. చివరికి పక్క స్టేషనరీ కొట్లో పిల్లల కోసం తెప్పించిన కార్డులు చూసి, ఇందులో పందేలు లేవు కదా అని నాలుగు పెట్టెలు కొనుక్కొచ్చారు. ఆ ఆట పేరు గండభేరుండ సమరం.

ఆట తేలికే. ఒక్కో కార్డు మీద ఒక్కో వింత ప్రాణి బొమ్మ ఉంటుంది. కింద దాని బలమెంతో, ప్రాణమెంతో అంకెల్లో వేసి ఉంటుంది. ఒకరి ప్రాణి రెండోవారి ప్రాణిని కొడుతుంది. దెబ్బ తగిలినప్పుడల్లా ప్రాణం తగ్గుతుంది. చేతిలో ఆఖరి ప్రాణి కూడా పోయినవాళ్లు ఓడిపోయినట్టు. అట్టపెట్టె వెనకాల ఇదంతా చిన్నక్షరాల్లో ఉంది. చావు గురించి మాత్రం ఒకే ఒక్క వాక్యం ఉంది: 'ప్రాణం సున్నా అయితే ప్రాణి మరణిస్తుంది, కార్డును శ్మశానం గడిలో పెట్టాలి.'

ఆ ఒక్క వాక్యం దగ్గరే క్లబ్బు కొంప మునిగింది.

మునగడం ప్రెసిడెంటు ఆదిశేషగిరి గారి అగ్గి ఆంబోతుతో మొదలైంది. ఆయన తాసిల్దారుగా రిటైరయ్యారు. ఇప్పటికీ ఇడ్లీ తినాలన్నా ఎదురుగా ఎవరైనా నిలబడి ఉండాలి ఆయనకి. ఒక సాయంత్రం ఆయన ఆంబోతుని ఎవరిదో గాజురెక్కల గబ్బిలం కొట్టి చంపేసింది. ఆదిశేషగిరి గారు కార్డు మీద చెయ్యి తియ్యలేదు.

"చచ్చిందని ఎవరు ధ్రువీకరించారు?" అన్నారు.

ఎదుటివాళ్లు నవ్వబోయారు. కానీ క్లబ్బు సెక్రటరీ పొన్నాడ విశ్వేశ్వరం గారు నవ్వలేదు. ఆయన సర్వీసంతా మునిసిపాలిటీలో జనన మరణాల నమోదు సీట్లో గడిచింది. బతికున్న మనిషి ఎదురుగా వచ్చి నిలబడినా, కాగితం చూడకుండా నమ్మిన పాపాన పోలేదు.

"సార్ అడిగింది ధర్మమైన ప్రశ్న," అన్నారాయన లేచి నిలబడి. "ధ్రువీకరణ లేని మరణం మరణమే కాదు. వట్టి వదంతి."

అంతే. వారం తిరిగేసరికి ప్రాణి మరణ నియమావళి తయారైంది. ప్రాణం సున్నా అయిన ప్రాణిని, ఆ ఆటతో సంబంధం లేని ఇద్దరు సభ్యులు కళ్లారా చూసి ఉండాలి. మరణ కారణం తేల్చాలి. పోయిన ప్రాణి ఏ తెగదో ఆ తెగ ప్రాణులన్నిటికీ మైల. మైల తీరేదాకా అవి యుద్ధంలో పాల్గొనరాదు. మైలలో ఉన్న ప్రాణిని ఎదుటివారు కొట్టరాదు, పరామర్శించవచ్చును.

ఈ పరామర్శ నియమం అందరికీ తెగ నచ్చింది. కరెంటాఫీసులో పనిచేసి రిటైరైన ఒకాయన గబ్బిలం పోయిన రోజున హాలు కిటకిటలాడింది. "ఎలా జరిగిందండీ?" అని ఒకరు. "ఏం చెప్పమంటారు, మధ్యాహ్నం దాకా బాగానే ఎగిరింది," అని ఆయన. "పోన్లెండి, మంచాన పడకుండా పోయింది," అని ఇంకొకరు. కారప్పూస, టీ వచ్చాయి. ఏళ్ల తరబడి ఒకరితో ఒకరు మాటల్లేని ఇద్దరు పెద్దమనుషులు ఆ గబ్బిలం మంచితనం గురించి గంటసేపు మాట్లాడుకున్నారు. ఆటలు మాత్రం ముందుకి సాగలేదు. ఎవరి చేతిలో చూసినా సగం కార్డులు మైలలో ఉండేవి, మిగతా సగం విచారణలో.

ఇన్ని నియమాల మధ్యనుంచి గెలుచుకుంటూ ఫైనల్‌కి వచ్చినవాళ్లు ఇద్దరే. మంగతాయారు, ఆమె తోడికోడలు కామేశ్వరి.

వాళ్ల భర్తలు ఆ క్లబ్బులో సభ్యులుగా ఉండగానే కాలం చేశారు కాబట్టి, ఆ హక్కు మీద వీళ్లకీ లోపలికి ప్రవేశం దొరికింది. ఇద్దరూ క్లబ్బు వెనక సందులో పక్కపక్క వాటాల్లో ఉంటారు. ఒకరి పోపు ఘాటుకి ఇంకొకరు దగ్గుతారు. కామేశ్వరి గలగలా మాట్లాడే మనిషి. మంగతాయారు అన్నిటికీ భయపడే మనిషి. గ్యాసు కట్టానా లేదా అని చూసొచ్చి, చూశానా లేదా అని మళ్లీ వెళ్లి చూసేది. దాని సంగతి ఎలా ఉన్నా, ఆమెకి అసలైన భయం గుమ్మం దాటి వెళ్లేవాళ్లంటే. ఎవరు బయలుదేరినా ఆమెకి తుమ్మొచ్చేది. అదీ ఒంటి తుమ్ము. ఒంటి తుమ్ము తుమ్మాక ఎవరు కదులుతారు? వెనక్కొచ్చి, కూర్చుని, మంచినీళ్లు తాగి, కాసేపాగి బయలుదేరాలి. ఆ కాసేపు ఆమెకి మిగిలేది. గ్యాసు బండ తెచ్చే మనిషి కూడా అలవాటుపడిపోయి, బండ దించగానే అరుగు మీద కూర్చుని, "తుమ్మేయండమ్మా, ఇంకా నాలుగిళ్లు తిరగాలి," అనేవాడు.

ఆమె భర్త వంకాయలు తెస్తానని వెళ్లిన రోజున ఆమె పెరట్లో ఉంది. గేటు చప్పుడు మాత్రం వినిపించింది. ఆ గేటులోంచి ఆయన మళ్లీ నడిచి లోపలికి రాలేదు. తుమ్ములు మొదలైంది అప్పటినుంచే.

ఇప్పుడు కామేశ్వరి బయలుదేరుతోంది. బొబ్బిలిలో ఒంటరిగా ఉండే ఆమె సొంత అక్క నీళ్లగదిలో జారిపడి తుంటి విరగ్గొట్టుకుంది. "వచ్చెయ్యవే, ఉన్నన్నాళ్లూ ఇద్దరం ఒకచోటే ఉందాం," అని ఫోన్లో ఏడ్చింది. కామేశ్వరి సామాను సర్దేసి, వాటా ఖాళీ చేస్తానని ఇంటివాళ్లకి చెప్పేసింది. ఒక్క ఫైనల్ కోసమే ఆగింది. ఎందుకంటే వాళ్ల అత్తగారు గవ్వలాట దగ్గర ఎప్పుడూ ఒక మాట అనేది: ఆట సగంలో వదిలేసి ఊరు దాటకూడదు, దాటితే చేపట్టిన పనులన్నీ సగంలోనే నిలిచిపోతాయి. అత్తగారు పోయినా ఆ మాట ఇద్దరు కోడళ్లూ దాటలేదు.

ఫైనల్ రోజు హాలు నిండిపోయింది. కామేశ్వరి చేతిలో మిగిలింది ఒక్కటే కార్డు, ముళ్ల తాబేలు. మంగతాయారు దగ్గర నిప్పుల నక్క ఉంది. కామేశ్వరి బీపీ మాత్రలు చేతిసంచిలో పెట్టుకుందా, ట్రంకు పెట్టె అడుగున పడేసిందా అని ఆలోచిస్తూ మంగతాయారు ఆ నక్కని పట్టుకుని కూర్చుంది.

"కొట్టక్కా, ఏంటలా చూస్తావ్? నక్కకి నిద్రొస్తోంది," అంది కామేశ్వరి.

మంగతాయారు చెయ్యి తనంతట తనే కార్డుని వేసేసింది. తాబేలు ప్రాణం సున్నా అయింది.

"హమ్మయ్య! చచ్చింది నా తాబేలు! గెలిచేశావక్కా!" అని కామేశ్వరి చప్పట్లు కొట్టింది. "పొద్దున్న బస్సు దొరికేస్తుంది నాకు."

తను ఏం చేసిందో మంగతాయారుకి అప్పుడు తెలిసింది. ముక్కు కొస గిలగిల్లాడింది. హాలంతా అదిరేటట్టు తుమ్మింది. ఒక్కటే తుమ్ము.

"ఆగండి," అన్నారు విశ్వేశ్వరం గారు చెయ్యెత్తి. "ఒంటి తుమ్ము."

ఆదిశేషగిరి గారు కళ్లజోడు సవరించుకుని, మూల కూర్చున్న సోమయాజులు గారి వైపు తిరిగారు. సోమయాజులు గారు పురోహితులు. క్లబ్బు పొట్లకాయ బజ్జీల మీద ఇష్టంతో సభ్యుడయ్యారు.

"బయలుదేరేవేళ ఒంటి తుమ్ము వినబడితే శాస్త్రం ఏమంటుంది?"

"కూర్చుని మంచినీళ్లు తాగి అప్పుడు వెళ్లాలండి."

"మరణించుట ఈ లోకమునుంచి బయలుదేరుటయే కదా?"

సోమయాజులు గారు నోట్లో బజ్జీ ఉండటం చేత తల మాత్రం ఊపారు.

"అయితే సదరు తాబేలు ఇంకా బయలుదేరలేదు," అని ప్రెసిడెంటు గారు తీర్మానించారు.

"బయలుదేరలేదేంటండీ! సున్నా అయిపోయింది కదండీ!" అంది కామేశ్వరి.

"సున్నా అనేది అంకె అమ్మా. మరణం అనేది హోదా. అంకె వచ్చినంత మాత్రాన హోదా రాదు. నా ప్రమోషన్ విషయంలో నాకిది అనుభవమే."

తాబేలుకి చెంచాడు మంచినీళ్లు పట్టారు. అట్ట నాని, తాబేలు పొట్ట కాస్త పైకి ఉబ్బింది. "ఊపిరాడుతున్నట్టుందండోయ్," అన్నారెవరో వెనకనుంచి.

మంగతాయారు ఉబ్బిన ఆ అట్టకేసి చూసింది. జీవితంలో మొదటిసారి ఒక నియమం ఆమె పక్షాన నిలబడింది. పదిమందిలో గొంతెత్తాలంటే వణికిపోయే మనిషి, కొంగు గట్టిగా పట్టుకుని లేచింది.

"మరి... సాక్షులిద్దరూ తాబేలునే చూస్తున్నారాండీ? నేను తుమ్మినప్పుడు ఇద్దరూ నావైపే తిరిగారు కదా."

సాక్షులు ఒకరినొకరు చూసుకున్నారు. నిజమే, ఇద్దరూ తిరిగారు.

విశ్వేశ్వరం గారి మొహం చవితి చంద్రుడిలా సన్నగా వెలిగింది. "అబ్బ! సర్వీసులో ఉండాల్సిన మనిషండీ ఈవిడ!"

"అక్కా!" అంది కామేశ్వరి. "గెలిచింది నువ్వే కదా!"

"అన్నీ సక్రమంగా జరగాలి కదే," అంది మంగతాయారు, ఆమె కళ్లలోకి చూడకుండా.

మర్నాడు విచారణ మొదలైంది. కామేశ్వరి బస్సు టికెట్టు వెనక్కి ఇచ్చేసింది. ముందుగా అధికార పరిధి తేలాలన్నారు. కార్డు బల్ల మధ్యగీత మీద పడి ఉంది. తాబేలు తల కామేశ్వరి వైపు, తోక మంగతాయారు వైపు. దర్జీ టేపు తెప్పించి కొలిచారు. "తల ఉన్న చోటు పరిధిలోకి వస్తుందా, ప్రాణమున్న చోటు పరిధిలోకి వస్తుందా?" అని ప్రెసిడెంటు గారు అడిగారు. తాబేలుకి ప్రాణమెక్కడుంటుందో ఎవరికీ తెలియదు. ఉపసంఘం వేశారు.

తర్వాత మరణ కారణం. తాబేలుది నీటి తెగ. నక్కది నిప్పు తెగ. నీళ్లలో ఉండేది నిప్పుకి ఎలా చస్తుంది? ఈ సందేహం కూడా మంగతాయారుకే వచ్చింది. నిద్రపట్టక పక్క మీద దొర్లుతూ ఉంటే ఇలాంటి సందేహాలు వాటంతట అవే వచ్చేవి. ఆమె అడిగిన ప్రతి సందేహానికీ ప్రెసిడెంటు గారు మెచ్చుకోలుగా తల పంకించేవారు. ఫైనల్ గెలవడానికి తగువులాడినవాళ్లని ఆయన చూశారు. గెలవకుండా ఉండటానికి ఇంత నిబద్ధతతో పోరాడే మనిషిని చూడలేదు. "వ్యక్తిగత లాభాపేక్ష లేని అర్జీదారు," అని ఆమెని అందరికీ పరిచయం చేశారు.

"మహాప్రభో, నా తాబేలు చచ్చింది. నేనే చెబుతున్నాను. పెంచుకున్నదాన్ని నాకు తెలీదా?" అని కామేశ్వరి మొత్తుకుంది.

"రక్తసంబంధీకుల వాంగ్మూలం చెల్లదమ్మా," అన్నారు విశ్వేశ్వరం గారు జాలిగా.

కోడిగుడ్డు మీద ఈకలు పీకడం అయ్యాక, సంఘం ఒక నిర్ణయానికి వచ్చింది. తాబేలు సూత్రప్రాయంగా మరణించినది. తుది మరణం కర్మకాండ ముగిసిన పిమ్మట. కర్మ ముగిసిందని ఎలా తెలుస్తుంది అని అడిగితే సోమయాజులు గారు, "పిండం కాకి ముట్టాలండి. ముట్టకపోతే పోయినవాళ్లకి తీరని కోరికేదో ఉన్నట్టు," అన్నారు.

ఆదిశేషగిరి గారు కాసేపు కళ్లు మూసుకున్నారు.

"అంటే తుది అధికారి కాకి అన్నమాట. దానికి సిఫార్సు చెయ్యలేం. చెయ్యి తడపలేం. బదిలీ చేయించలేం. నా సర్వీసు మొత్తంలో ఇంత నిష్పక్షపాతమైన అధికారిని చూడలేదు. ఆమోదించడమైనది."

క్లబ్బు డాబా మీద అరిటాకు వేసి, నువ్వులన్నం ముద్ద పెట్టి, పక్కన ఉబ్బిన తాబేలు కార్డుని ఉంచారు. గోత్రం ఏంటని సోమయాజులు గారు అడిగితే కామేశ్వరి, "గోత్రమా? పెట్టె మీద చూడండి," అంది. తెలియనివాళ్లకి కాశ్యప గోత్రమేనని ఆయనే సర్దుకున్నారు. సభ్యులందరూ గొడుగులు వేసుకుని దూరంగా నిలబడ్డారు. నీళ్ల ట్యాంకు మీద కాకులు వరసగా కూర్చుని ఉన్నాయి. ఒక్కటీ కదల్లేదు.

"కోరికేదో ఉందండి. హామీ ఇవ్వాలి," అన్నారు సోమయాజులు గారు.

ప్రెసిడెంటు గారు గొంతు సవరించుకున్నారు. "తాబేలు గారి కోరిక ఏదైనప్పటికీ, నిధుల లభ్యతను బట్టి, సానుకూలంగా పరిశీలించబడును."

కాకులు అటు తిరిగి కూర్చున్నాయి.

"అలా అంటే ఎలా నమ్ముతాయి సార్," అని విశ్వేశ్వరం గారు ముందుకొచ్చి, తాబేలు బొమ్మని క్లబ్బు గోడ మీద శాశ్వతంగా పెట్టిస్తామన్నారు. దాని తెగవారికి టోర్నమెంట్లలో ప్రాధాన్యం ఇస్తామన్నారు. ఎండ మాడు మీదికి వచ్చింది. ఆ రోజు ముట్టలేదు. మర్నాడూ ముట్టలేదు. ఆ మర్నాడు ఒక కాకి వచ్చి, పిట్టగోడ మీద వాలి, అన్నం ముద్దని ఎగాదిగా చూసి, ఏదో భారంగా లేచిపోయింది. బొబ్బిలి నుంచి ఫోనొచ్చింది. "నీకు తాబేలెక్కువా, నేనెక్కువా?" అని వాళ్లక్క అరుస్తూ ఉంటే, ఆ అరుపు కామేశ్వరి చెవిలోంచి పక్కనున్న మంగతాయారుకి కూడా వినిపించింది. మంగతాయారు చీర కుచ్చిళ్లు సర్దుకుంది.

ఆ సాయంత్రం కామేశ్వరి వంటింటి గుమ్మంలో వచ్చి నిలబడింది. మంగతాయారు రుబ్బుతోంది.

"ఏం రుబ్బుతున్నావక్కా?"

"మినప్పప్పే."

"గారెలకా?"

"ఊఁ."

"మన సందులో గారెల్లో కరివేపాకు తుంపకుండా రెబ్బలు రెబ్బలుగా వేసేది నువ్వొక్కదానివే."

"వేస్తే ఏం?"

"ఇందాక ట్యాంకు మీద కాకి నోట్లో చూశాను. రెబ్బ వేలాడుతోంది."

రుబ్బురోలు ఆగింది.

"పాపం, ఎండల్లో ఆకలికి మాడిపోతాయని..." అంది మంగతాయారు.

"పొద్దున్నే కడుపు నిండా గారెలు మెక్కితే చప్పిడి నువ్వులన్నం ఏ కాకి తింటుందక్కా? పెళ్లిభోజనం చేసిన మగపెళ్లివారిలా పడున్నాయి ట్యాంకు మీద! క్లబ్బంతా గొడుగులేసుకుని నిలబడి తాబేలుకి ఏం కోరికుందో అని బుర్రలు బద్దలుకొట్టుకుంటున్నారు!" కామేశ్వరికి నవ్వొచ్చింది. కానీ నవ్వు పూర్తికాకముందే ఆగిపోయింది. "అక్కడ మా అక్క మంచం దిగలేకుండా ఉంది. మంచినీళ్లందించే దిక్కు లేదు. నీకు తెలుసు కదా."

"తెలుసు."

"తెలిసేనా?"

"తెలిసే," అంది మంగతాయారు. పిండి చేతుల్ని చూసుకుంది. "నువ్వెళ్లిపోతే నేను గ్యాసు కట్టానో లేదో ఎవరు చెబుతారే?"

"గ్యాసు కోసమా ఇదంతా!"

"గ్యాసు కాదే," అంది. కామేశ్వరి కింద కూర్చుని, పొత్రం తను అందుకుని, మిగిలిన పప్పు తనే రుబ్బడం మొదలుపెట్టింది.

"అత్తగారి మాటని పట్టుకుని కూర్చున్నాననుకున్నావా?" అంది కామేశ్వరి రుబ్బుతూనే. "మా అక్క పడ్డ రోజునే లేచి పోవలసినదాన్ని. అత్తగారి ఫొటో ముందు లెంపలు వేసుకునేదాన్ని. నువ్వు తుమ్మకుండా పంపిస్తావేమోనని చూస్తూ కూర్చున్నాను. నువ్వు తుమ్మాక బస్సెక్కితే, నాకేమైనా అయిందేమోనని నువ్విక్కడే గేటు పట్టుకుని నిలబడిపోతావు. నాకు తెలీదూ?"

ఆ రాత్రి గారెల పిండి గిన్నె ఎత్తి కామేశ్వరే తన వాటాకి పట్టుకుపోయింది.

మర్నాడు కాకులకి టిఫిను లేదు. అవి మంగతాయారు ఇంటి గోడ మీద కూర్చుని అరిచి అరిచి, చివరికి కోపంగా క్లబ్బు ట్యాంకు మీదికి వెళ్లిపోయాయి. డాబా మీద మామూలుగానే ఆకు వేశారు. ఆదిశేషగిరి గారు కొత్త హామీల కాగితం జేబులోంచి తీస్తూ ఉంటే, మంగతాయారు ముందుకొచ్చింది.

"నేనో మాట చెప్పుకోవచ్చాండీ, దానికి?"

"విజేత పక్షం వారు మాట్లాడేందుకు నియమం లేదమ్మా."

"నిషేధమూ లేదు సార్," అన్నారు విశ్వేశ్వరం గారు. ఈవిడ మీద ఆయనకి మహా గురి.

మంగతాయారు ఆకు ముందు వంగింది. అందరూ వింటారన్న సంగతి మర్చిపోయి, తాబేలు కార్డుతో చెప్పింది.

"నా గురించి బెంగ పెట్టుకోకు. గ్యాసు నేనే చూసుకుంటాను. ఒక్కసారే చూస్తాను. మోటారు నేనే కట్టుకుంటాను. రాత్రి తలుపు గొళ్లెం పెట్టాక మళ్లీ లేవను. లేచినా ఎవరికీ చెప్పను. వంకాయలు నేనే వెళ్లి తెచ్చుకుంటాను. నీ వాళ్లు నీకోసం ఎదురుచూస్తున్నారు. వెళ్లు."

వెనకాల కామేశ్వరి కొంగుతో ముక్కు తుడుచుకుంది. సోమయాజులు గారు మంత్రం మర్చిపోయారు.

రెక్కల చప్పుడైంది. ట్యాంకు మీదనుంచి ఒక కాకి జారుగా వచ్చి ఆకు పక్కన వాలింది. అన్నం ముద్దకేసి చూసింది. కార్డుకేసి చూసింది. నీళ్లకి ఉబ్బి, టీ మరకలు పడి, ఇన్నాళ్ల విచారణలో ఎన్నో నూనె చేతులు తగిలిన ఆ అట్ట దానికి అన్నం కంటే రుచిగా కనబడిందేమో. తాబేలు తల దగ్గర ముక్కుతో పట్టుకుని, ఒక్క ఊపున లేచి, కాలవ దాటి కొబ్బరిచెట్ల మీదుగా ఎగిరిపోయింది.

"ముట్టింది! ముట్టింది!" అని కామేశ్వరి గంతులేసినంత పని చేసింది.

"ఏమి ముట్టింది?" అన్నారు ఆదిశేషగిరి గారు నెమ్మదిగా. "పిండం ముట్టలేదు. పార్థివ దేహాన్ని ఎత్తుకుపోయింది."

అందరూ విశ్వేశ్వరం గారి వైపు తిరిగారు. ఆయన మొహంలో ఒక మహత్తర క్షణం తారాడింది. సర్వీసంతా ఇలాంటి కేసు కోసమే ఎదురుచూసినట్టున్నారు.

"దేహం లేనిదే మరణం లేదు సార్. ఇంతవరకు మనం పొరపాటు శీర్షిక కింద విచారణ జరిపాం. ఇది మరణం కాదు, అదృశ్యం. కనబడకుండా పోయినవారు ఏడేళ్లపాటు ఎవరికీ కనబడకపోతే, అప్పుడు మరణించినట్టు భావించవచ్చును."

"అయితే ఫైనల్ ఏడేళ్లకి వాయిదా వేయడమైనది," అన్నారు ప్రెసిడెంటు గారు. హర్షధ్వానాలు చెలరేగాయి. కాలవ వెంబడి కొబ్బరితోటల్లో వెతకడానికి అప్పటికప్పుడు గాలింపు ఉపసంఘం వేశారు. ఉపసంఘానికి టీ ఖర్చులు మంజూరయ్యాయి. అందులో చేరడానికి తోసుకున్నారు.

"మరి నేను ఊరెళ్లొచ్చాండీ?" అని కామేశ్వరి అడిగింది.

"నిరభ్యంతరంగా. ఇది ఆట సగంలో లేచినట్టు కాదు. ఆట వాయిదాలో ఉన్నది. ఏడేళ్ల తర్వాత నిర్ణీత తేదీన తప్పక హాజరు కావలెను. గైర్హాజరైనచో తగు చర్య తీసుకొనబడును."

"ఆయ్, అలాగేనండి," అంది కామేశ్వరి, చెయ్యెత్తి దణ్ణం పెడుతూ.

మర్నాడు పొద్దున్న బస్సుకి ట్రంకు పెట్టె పైకెక్కించారు. కామేశ్వరి కిటికీ పక్క సీట్లో కూర్చుని తల బయటికి పెట్టింది. ఒళ్లో గారెల డబ్బా ఉంది. పొద్దున్నే లేచి, మొన్న రాత్రి పట్టుకుపోయిన పిండితో తనే వండింది. సగం మంగతాయారు చేతిలో పెట్టింది.

"మాత్రలు చేతిసంచిలోనే ఉన్నాయా?"

"ఉన్నాయక్కా."

"కిటికీలోంచి చెయ్యి బయటపెట్టకు."

"పెట్టను. విను. ఏడేళ్లకి ఫైనలుంది. తాబేలు చచ్చిందని నేనంటాను. చావలేదని నువ్వనాలి. మాట మార్చేసేవు."

"మార్చను," అంది మంగతాయారు.

కండక్టరు విజిలేశాడు. సరిగ్గా అప్పుడే ఆమె ముక్కు కొస గిలగిల్లాడింది. కామేశ్వరి అది చూసింది. అలా చూస్తూనే ఉంది. మంగతాయారు బొటనవేలితో, చూపుడువేలితో ముక్కు గట్టిగా నొక్కేసుకుంది. కళ్లలోంచి నీళ్లు కారాయి. నొక్కుకున్న ముక్కుతోనే, "వెళ్లిరా," అంది. అది బాతు గొంతులా వచ్చింది. బస్సులో నలుగురు నవ్వారు. కామేశ్వరి కూడా నవ్వుతూనే వెళ్లింది.

బస్సు కాలవ వంతెన ఎక్కింది, దిగింది, మలుపు తిరిగింది. హారన్ చప్పుడు కూడా పోయాక మంగతాయారు వేళ్లు తీసింది. వచ్చిన తుమ్ముకి బస్టాపు అరుగు మీది పావురాలు లేచిపోయాయి.

ఒక్కటే వచ్చింది. రెండోది వస్తుందేమోనని ముక్కు పైకెత్తి, ఆకాశంకేసి చూస్తూ నిలబడింది. రాలేదు.

అటూ ఇటూ చూసింది. ఎవరూ లేరు. కొంగు కొసని సన్నగా వత్తిలా పేని, ముక్కులో పెట్టి తిప్పి, రెండో తుమ్ము తనే తెచ్చుకుంది. జంట తుమ్ము మంచిదే. గారెల డబ్బా చంకన పెట్టుకుని, వంకాయల బండి ఎటు వెళ్లిందో అడుగుతూ సందులోకి నడిచింది.